రెండో తూము నీరుగంటి

తిరుమణికి ఇప్పుడు ఎవరు కొత్తగా వచ్చినా తూము ఎక్కడ అని అడుగుతారు. కెమెరాలు మెడలో వేసుకుని వస్తారు, కంచె బయట నిలబడి ఫోటోలు తీసుకుంటారు, తర్వాత టీ అంగడి దగ్గర నన్ను పట్టుకుంటారు. రామాంజినేయులంటే మీరేనా, ఆ రోజు మీరు అక్కడే ఉన్నారట కదా అంటారు. ఉన్నాను. కంపెనీ జీపు నడిపేవాణ్ణి, ఉండక ఎక్కడికి పోతాను? వాళ్ళకు కావలసింది యంత్రం సంగతి. ఎంత ఎత్తు, ఏ ఇనుము, తలుపు ఎత్తితే అవతల ఏం కనబడేది, ఇవే. మల్లేశప్ప ఎవరని ఒక్కడూ అడగడు. ఆ తలుపు ఎత్తిందీ దించిందీ ఆ మనిషే అయినా అడగడు. నాకు ఒళ్ళు మండుతుంది. అందుకే యంత్రం గురించి అడిగినవాళ్ళకు నేను మల్లేశప్ప గురించే చెబుతాను. వినే ఓపిక లేనివాళ్ళు టీ తాగి లేచిపోతారు, పోనీ.

మల్లేశప్ప వాళ్ళు ఒకప్పుడు గొర్రెలు మేపుకుని బతికినవాళ్ళు. తాత కాలంలో రోగమొచ్చి మంద మొత్తం పోతే, ఊరి పెద్దలు చెరువు తూము వాళ్ళ చేతికి ఇచ్చారు. చెరువు నీళ్ళు ఎవరి మడికి ఎప్పుడు పారాలో, ఎంతసేపు పారాలో చూసే మనిషిని మా పక్క నీరుగంటి అంటారు. ఆ పనికి బదులుగా ఆయకట్టు చిట్టచివర ఒక మడి ఇచ్చారు. చివరి మడి నీరుగంటికే ఇవ్వడంలో పెద్దల గడుసుతనం ఉంది. తన మడి తడవాలంటే ముందున్న అందరి మళ్ళూ తడపాలి కదా.

తూము దించడానికి ఒక పద్ధతి ఉండేది. నీరుగంటి కట్ట మీద నిలబడి, నీళ్ళు ఎటు పారుతున్నాయో అటు తిరిగి, నోటికి చేతులు అడ్డం పెట్టుకుని "తడిసిందా?" అని మూడుసార్లు కేకేస్తాడు. చివరి మడిలో ఉన్న మనిషి "తడిసింది, దించు" అని బదులు పలకాలి. ఆ మాట వినబడకపోతే ఎంతటివాడు చెప్పినా తూము దించకూడదు. వినబడ్డాక ఎంతటివాడు వద్దన్నా ఎత్తి ఉంచకూడదు. దీనికి కాగితం లేదు, సంతకం లేదు. ఆ గొంతే లెక్క. మల్లేశప్ప గొంతు ఎలాంటిదంటే, ఆయన కట్ట మీద కేకేస్తే నాగలమడిక బస్సు కోసం రోడ్డు మీద నిలబడ్డ మాకు కూడా వినబడేది. "ఏం మామా, మా బస్సు తడిసిందా అని అడుగుతాండావా?" అని మేము ఎగతాళి చేసేవాళ్ళం. ఆయన నవ్వేవాడు కాదు. తూము దగ్గర నవ్వడం ఆయనకు అలవాటు లేదు.

చెరువు చివరిసారి నిండిన ఏడు ఒక సంగతి జరిగింది. అది చెప్పకపోతే తర్వాతది అర్థం కాదు. ఆశా, ఆయన ఒక్కగానొక్క కూతురు, అప్పటికి ఐదారేళ్ళ పిల్ల. ఆ పూట చివరి మడి దగ్గర అవ్వ బోరమ్మ పక్కన ఉంది. బోరమ్మ మల్లేశప్ప తల్లి. నీళ్ళు ఇంకా వాళ్ళ మడికి చేరలేదు. ఈలోగా తూము రాళ్ళు కదిలి, కట్టలోంచి బురద నీళ్ళు ఊరడం మొదలైంది. తూము దించకపోతే కట్ట తెగుతుందని జనం కట్ట మీద అరుపులు. మల్లేశప్ప పద్ధతి ప్రకారం కేకేశాడు. దూరం నుంచి బోరమ్మ గొంతు వచ్చింది: "తడిసింది, దించు." దించాడు. మర్నాడు మడికి పోయి చూస్తే నేల నెర్రెలు విచ్చి ఉంది. ఒక్క చుక్క పారలేదు. ఆయన అక్కడే గెనం మీద, మడి గట్టున, కూర్చుని ఏడ్చాడు. "నీరుగంటికే అబద్ధం చెప్తావా అమ్మా?" అని తల్లిమీద విరుచుకుపడ్డాడు. ఆ ఏడు వాళ్ళు కొనుక్కుని తిన్నారు.

ఆశా ఈ కథను బడిలోనూ ఊళ్ళోనూ అందరికీ చెప్పేది. తడవలేదు కదవ్వా అని తను అడిగితే, "ఆడ జనం అరస్తాండారు, వినపళ్ళేదా నీకు?" అని అవ్వ అన్నదట. పిల్ల ఆ మాటను అవ్వ గొంతుతోనే అనుకరించి చూపించేది, మేము నవ్వేవాళ్ళం.

తర్వాత చెరువు ఎండింది. ఒక ఏడు కాదు, ఏళ్ళ తరబడి. తుమ్మచెట్లు మొలిచి చెరువు ఏదో అడివి ఏదో తెలియకుండా పోయింది. సోలార్ పార్కు వచ్చింది. నా పొలం, నారప్ప పొలం, క్యాతగానచెర్లు దాకా అందరి పొలాలూ సోలార్ పలకల కిందికి పోయాయి. మల్లేశప్ప చివరి మడి కూడా పోయింది. ఆయన పలకల మధ్య గడ్డి కోసే పనికి కుదిరాడు. నీరుగంటి గడ్డి కోస్తుంటే చూడబుద్ధి అయ్యేది కాదు. గొంతు వాడక ఆ మనిషి మెల్లగా మాట్లాడటం నేర్చుకున్నాడు. అంత గొంతు ఉన్నవాడు అలా గొణుగుతుంటే నాకు బాధగా ఉండేది.

అప్పుడు వచ్చింది రెండో తూము.

కంపెనీవాళ్ళు దానికి పెట్టిన పేరు గజం పొడుగుంటుంది, నాకు నోరు తిరగదు. పలకల వరుసల మధ్య ఒక షెడ్డు కట్టి, లోపల పెద్ద ఇనుప చట్రం నిలబెట్టారు. మధ్యలో పైకీ కిందికీ జారే తలుపు, పైన చేత్తో తిప్పే మరచక్రం. చూడగానే ఊళ్ళో ప్రతి ఒక్కరూ అన్న మాట ఒకటే, తూము. భరత్‌కుమార్ అని నాగలమడిక పిల్లవాడు అక్కడ ఇంజినీరు. బెంగళూరులో చదివినా మాతో మా మాటే మాట్లాడేవాడు. వాడు మాకు చెప్పింది ఇది. ఒకే గోడకు రెండు పక్కలా రెండిళ్ళు ఉన్నట్టు మన లోకానికి ఆనుకుని ఇంకో లోకం ఉందట. అక్కడ పొద్దు గూకదు. మనకు తెల్లవారే వేళ కాస్త మసకబారుతుంది, అంతే. రాత్రి పలకలు పనిచేయవు కాబట్టి చీకటి పడ్డాక అక్కడి శక్తిని ఇటు పారించుకుంటారు. పగలు మన ఎండలోంచి అంతే మళ్ళీ అటు పంపాలి. తీసుకున్నంత తిరిగి ఇవ్వకపోతే మధ్యలో గోడ నిలవదు.

"వంతులన్నమాట" అన్నాడు మల్లేశప్ప.

"వంతులే మామా" అన్నాడు భరత్‌కుమార్.

ఆ చట్రం దగ్గర మోటారు పనిచేయదు. పెట్టిన ప్రతి మోటారూ దానంతటదే తిరిగి తిరిగి కాలిపోయింది. సైరన్ మోగదు, వాకీటాకీ పలకదు. తలుపు చేత్తోనే తిప్పాలి, మాట నోటితోనే చెప్పాలి. భరత్‌కుమారే పట్టుబట్టి మల్లేశప్పకు ఆ పని ఇప్పించాడు. మొదటిరోజు ఆయన మరచక్రం మీద చెయ్యి వేసి చాలాసేపు ఊరికే నిలబడ్డాడు. ఆ సాయంత్రం జీపులో నా పక్కన కూర్చుని ఆయన మాట్లాడిన గొంతు పాత గొంతు.

పగలు శక్తి అటు పారుతున్నప్పుడు అక్కడి ఎండను పట్టడానికి అవతల బిగించిన రేకులు చల్లగా ఉంటాయి. అప్పుడే పనివాళ్ళు అటు పోయి వాటిని తుడిచి, బిగించి వస్తారు. ఇటు పారుతున్నప్పుడు అటువైపు ఎవరూ ఉండకూడదు, అది గట్టి రూలు. పారుదల మార్చాలంటే ముందు తలుపు దించాలి. పొద్దు గూకే వేళ మల్లేశప్ప పారుతున్న వైపుకు, అంటే అవతలికి, తిరిగి తడిసిందా అని కేకేసేవాడు. చివరగా దాటి వచ్చే మనిషి తడిసింది, దించు అనేవాడు. కంపెనీవాళ్ళకు కూడా అది నచ్చింది. తెల్లవారి తలుపు దించేటప్పుడు శక్తి ఇటు పారుతుంటుంది కాబట్టి ఇటువైపు తిరిగి కేకేసేవాడు. తీగలు, ట్రాన్స్‌ఫార్మర్లు చూసుకునే లింగప్ప బదులు పలికేవాడు. ఆ వేళకు అవతల ఎవరూ ఉండరు. అలా ఒక్కరోజు కూడా తప్పు జరగలేదు.

ఆశా ఐ.టి.ఐ. చదివి రేకుల పనిలో చేరింది. సన్నటి పిల్ల, రేకుల చట్రాల సందుల్లో కూడా దూరిపోయేది. చాలాసార్లు చివరగా దాటి వచ్చేది ఆమే. తండ్రి కేకేస్తే, అవతలినుంచి బోరమ్మవ్వ గొంతు పెట్టి "తడిసింది, దించు" అని బదులు పలికి, నవ్వుకుంటూ వచ్చేది. తూము దగ్గర నవ్వని మల్లేశప్ప కూడా అప్పుడు నవ్వు ఆపుకోవడానికి మూతి బిగబట్టుకునేవాడు.

ఒకసారి నేను కూడా అటు పోయాను. అక్కడ పనివాళ్ళకు తాగను నీళ్ళు ఉండవు, ఇక్కడినుంచే డ్రమ్ములు మోయాలి. ఒకరోజు మోసేవాడు రాలేదని నన్ను పంపారు. నేల, రాళ్ళు, రేకులు, నెత్తిన కదలని ఎండ. కొంచెం దూరంలో ఒక దిన్నె ఉంది. అటు పోకూడదని రూలు. నాకు రూలు అంటే ముందునుంచీ పడదు, ఎక్కి చూశాను. అవతల చూపు ఆనినంత దూరం చదును నేల. చెట్టు లేదు, వాగూ వంకా లేదు, నీటి చుక్క లేదు. నాకు భయమేసి దిగివచ్చాను. ఏం చూశావని మల్లేశప్ప అడిగితే, "ఏముంటాది మామా, రాళ్ళు" అని తోసేశాను. తూము తిప్పేవాడు తలుపు దాటకూడదని ఆయన తనకు తానే పెట్టుకున్న పట్టింపు. అందుకే ఆయన ఎన్నడూ అటు పోలేదు.

ఆ శ్రావణంలో మబ్బు కమ్మింది. ఒక్క చినుకు రాల్చకుండా ఆకాశం మూసుకుని కూర్చుంది. పలకలకు ఎండ లేదు, అటు పంపడానికి ఏమీ లేదు. అయినా పట్నాలకు కరెంటు కావాలట. పగలు కూడా అటునుంచే ఇటు పారించమని పైనుంచి ఉత్తరువు వచ్చింది. తిరిగి ఇవ్వకుండా తీసుకుంటూ పోతే గోడ గతేమిటని భరత్‌కుమార్ ఫోన్‌లో అరవడం నేను విన్నాను. అవతలివాడు వినలేదు. ఒక మధ్యాహ్నం అటువైపు ఒక రేకు జారి పారుదల తగ్గింది. వెంటనే సరిచేయించమని మళ్ళీ ఫోను. పారుతుండగానే మనిషిని పంపమన్నారు. రూలు ఏమైందో ఆ దేవుడికే తెలియాలి. రేకుల చట్రం సందులో దూరగలిగేది ఆశా. "పోయొస్తా సార్, ఒగ బోల్టే గదా" అని నీళ్ళ సీసా చంకన పెట్టుకుని దాటింది. మల్లేశప్ప అప్పుడు భార్య కరియమ్మ తెచ్చిన సంగటి తింటూ షెడ్డు వెనక ఉన్నాడు. ఆయనకు ఎవరూ చెప్పలేదు.

చెప్పాలని ఎవరికీ తోచలేదు. ఇది చెబుతుంటే నాకు ఇప్పుడు కూడా గోడకేసి తల బాదుకోవాలని ఉంది.

పొద్దు వాలుతుండగా, ఆ పూటకు తీసుకున్నది చాలు, తలుపు దించమని కబురు వచ్చింది. మల్లేశప్ప చక్రం దగ్గరికి వచ్చాడు. శక్తి ఎటు పారుతుందో చూశాడు. ఇటు పారుతోంది. నీరుగంటి కదా, పారే వైపుకే తిరిగాడు. చెరువులో నిలిచిన నీళ్ళ వైపు తిరిగి తడిసిందా అని ఏ నీరుగంటి అడుగుతాడు? అవతలికి వీపు పెట్టి, లింగప్ప ఉన్న వైపుకు మూడు కేకలు వేశాడు. "తడిసింది, దించు" అన్నాడు లింగప్ప, రోజూ అన్నట్టే. మల్లేశప్ప చక్రం తిప్పాడు. తలుపు దిగింది.

భరత్‌కుమార్ పరిగెత్తుకుంటూ వచ్చాడు.

"ఆశా వచ్చిందా మామా?"

"ఆశా యాడికి పోయింది?"

వాడు తలుపు వైపు చూశాడు.

మల్లేశప్ప ముఖం నేను చూశాను. ఆ ముఖం గురించి ఏమీ చెప్పలేను. చక్రం మీదినుంచి ఇంకా చెయ్యి తీయలేదు ఆయన. అలాగే వెనక్కి తిప్పడం మొదలుపెట్టాడు. తలుపు వేలెడు లేచిందో లేదో, చట్రం మూలిగింది. పడమటి వరుసలో ట్రాన్స్‌ఫార్మర్ పేలి మంటలు లేచాయి. లింగప్ప చొక్కా అంటుకుంది. నలుగురు పట్టుకుని మల్లేశప్పను ఈడ్చితే తలుపు దానంతటదే పడిపోయింది. ఇవ్వకుండా తీసుకున్నదంతా అటువైపు ఒత్తిడై కూర్చుందని భరత్‌కుమార్ అన్నాడు. తలుపు ఎత్తితే తూము తెగుతుంది, తెగితే తిరుమణి ఉండదు. వాడు ఏడుస్తూ చెప్పాడు.

మర్నాడు బెంగళూరునుంచి కార్లు వచ్చాయి. అద్దాలు దించకుండా కార్లలోనే కూర్చుని మాట్లాడుకున్నారు. చర్చిస్తున్నాం అన్నారు. ఏం చర్చ? అవతల పొద్దు గూకని ఎండలో ఒక సీసా నీళ్ళతో ఒక ఆడపిల్ల ఉంది. చర్చకు ఏముంది అందులో? నేను ఒక కారు అద్దం మీద గుద్దాను. నన్ను గేటు బయటికి తోశారు. నేను కంచె సందులోంచి మళ్ళీ లోపలికి వచ్చాను.

కరియమ్మ తలుపుకు చెవి ఆనించి కూర్చుంది. మూసిన తలుపులోంచి శబ్దం రాదని తెలుసు, అయినా కూర్చుంది. అరచేతులతో బాదింది. ఇంటికి రమ్మంటే రాలేదు. ఒకసారి మాత్రం ఇంటికి పోయి ఇత్తడి బిందెతో నీళ్ళు, గుడ్డలో సంగటి ముద్ద తెచ్చి తలుపు పక్కన పెట్టుకుంది. తలుపు లేచిన మరుక్షణం అందించాలని. లింగప్ప కాలిన చెయ్యికి కట్టుతో వచ్చి ఆమె కాళ్ళ దగ్గర కూలబడ్డాడు. "నన్ను అడిగినాడు, నేను చెప్పినా అక్కా. నేను ఎందుకు చెప్పినానక్కా?" అన్నాడు. ఆమె వాడివైపు చూడలేదు. మల్లేశప్ప తిండి మానేశాడు. ఎవరు మాట్లాడించినా ఒకటే మాట. "నేను అటు తిరగల్యా. అటు తిరిగి అడగల్యా."

మూడో రోజు సాయంత్రం భరత్‌కుమార్ వచ్చి ఆయన పక్కన కూర్చున్నాడు. కళ్ళు వాచి ఉన్నాయి.

"తెల్లారే పొద్దుకు ఆపక్క మసకబారతాది మామా. అప్పుడు ఒత్తిడి తక్కువ ఉంటాది. రేపు ఎత్తుదాం. వాళ్ళు వద్దన్నారు. నేను అడగను ఇంగ."

"ఎంత ఎత్తొచ్చు?"

"మోకాలెత్తు. పాకి వచ్చేస్తాది. బిన్నా దించాల, ఆలస్యమైతే తెగతాది."

తూరుపు తెల్లబడుతుండగా షెడ్డులో మేము నలుగురమే. మల్లేశప్ప, కరియమ్మ, భరత్‌కుమార్, నేను. చక్రం తిరిగింది. తలుపు కిందినుంచి తెల్లటి వెలుగు నేల మీదికి వచ్చింది. వేడికి నా కనురెప్పల వెంట్రుకలు కమిలాయి. జానెడు లేచింది. మూరెడు లేచింది. ఈసారి మల్లేశప్ప పారే వైపుకు తిరగలేదు. అవతలికి తిరిగాడు. కానీ తడిసిందా అనలేదు.

"ఆశా!" అన్నాడు.

ఏమీ లేదు. మళ్ళీ పిలిచాడు. అప్పుడు చాలా దూరం నుంచి వచ్చింది గొంతు.

"నాయినా!"

కరియమ్మ ఒక్క అరుపు అరిచింది. బతికే ఉంది పిల్ల. నేను ఆత్రంగా చట్రం పట్టుకోబోయి వేడికి వెనక్కి తగ్గాను.

"యాడుండావమ్మా? రా, బిన్నా రా!"

"తలుపు కాడ సెగకు నిలబల్యాక దూరం పోయినా నాయినా. వస్తాండా. కాలు నడవల్యాదు, పాకుతాండా. దించొద్దు!"

"దించను. దించను తల్లీ, రా!"

కరియమ్మ బిందెను కర్రతో తలుపు కిందికి తోసింది. గడప తగలగానే నీళ్ళు బుస్సుమని ఆవిరైపోయాయి. బిందె ఎర్రబారి ఒక పక్కకు వంగిపోయింది. ఆమె కొంగు అంటుకుంటే నేను ఆర్పాను. ఆమెకు తెలియను కూడా తెలియలేదు, కూతురి పేరే పిలుస్తోంది.

అప్పుడు ఊళ్ళోనుంచి మొదలైంది. స్విచ్చి వేయని బల్బులు ఇళ్ళలో వెలిగాయట, వెలిగి పగిలాయట. షెడ్డు బయట పలకలు వరుసగా పేలడం మాకు వినబడింది. తర్వాత మనుషుల అరుపులు. ఆడవాళ్ళు పిల్లల్ని ఎత్తుకుని పరిగెత్తుతున్న కేకలు. నా ఇంట్లో నా భార్య, నా ఇద్దరు పిల్లలు ఉన్నారు. నేను దించమని అనలేదు. అనకూడదని పళ్ళు బిగించుకుని నిలబడ్డాను. చట్రం పాదాల దగ్గర నేల చీలింది.

"మామా, చాలు! తెగిపోతాండాది, దించు!" భరత్‌కుమార్ అరిచాడు.

మల్లేశప్ప దించలేదు. చక్రం కాలి ఆయన అరచేతులు అంటుకుపోయిన వాసన వస్తోంది. కరియమ్మ కూడా వచ్చి చక్రం పట్టుకుంది, ఎవరూ దించకుండా.

"యాడిదాకా వచ్చినావమ్మా?"

బదులు రాలేదు. ఊరి అరుపులు మాకు ఎంత వినబడుతున్నాయో ఆ సందులోంచి ఆమెకూ అంతే వినబడుతున్నాయని నాకు అప్పుడు తోచింది.

"నాయినా" అంది ఆశా. గొంతు ముందుకంటే దగ్గరగా ఉంది, కానీ ఇంకా దూరమే. "ఎవురు నాయినా అరిచేది? ఊరోళ్ళా?"

"ఎవురూ ల్యా! నువ్వు రా!"

బయట అరుపులు ఇంకా పెరిగాయి. తర్వాత గట్టిగా, తేటగా, ఆ పాతగొంతు వచ్చింది. బోరమ్మవ్వ గొంతు.

"తడిసింది! దించు!"

మల్లేశప్ప ఒళ్ళంతా ఒక్కసారి అదిరింది.

"దించొద్దు!" కరియమ్మ అరిచింది. "అబద్ధం చెప్తాండాది! మీ అమ్మ మాదిరే అబద్ధం చెప్తాండాది! దించితే చూడు!"

"తడిసింది నాయినా, దించు!" అంది మళ్ళీ.

మూడోసారి కూడా అంది. మూడోసారి అన్నప్పుడు గొంతు విరిగింది. మల్లేశప్ప భార్య చేతులను చక్రం మీదినుంచి ఒక్కొక్కటే విడిపించాడు. ఆమె ఆయన్ని కొట్టింది, రక్కింది, చెయ్యి కొరికింది. ఆయన చక్రం తిప్పాడు. తిప్పుతూ ఏడుస్తూ అవతలికే చూశాడు. వెలుగు సన్నబడి, గీతై, పోయింది.

తెల్లవారాక చూస్తే చక్రం మర కరిగి అతుక్కుపోయి ఉంది. ఇక అది తిరిగేది కాదు. తాలూకాఫీసు ముందు మేము కూర్చున్నాం, అరిచాం, లాఠీలు తిన్నాం. కొత్త తూము చేసి తెరుస్తాం అన్నారు. భరత్‌కుమార్‌ను పంపేశారు. షెడ్డు చుట్టూ కంచె కట్టారు, అంతే. ఊళ్ళో ఒక్క ప్రాణం పోలేదు. మా పిల్లలు బడికి పోతున్నారు.

కరియమ్మ ఆ పొద్దునుంచి మొగుడితో మాట్లాడలేదు. వండి పెడుతుంది, మాట మాత్రం లేదు. మల్లేశప్ప కాలి ముడుచుకుపోయిన వేళ్ళతో ముద్ద కలుపుకోలేక అవస్థపడుతుంటే చూసి ముఖం తిప్పుకుని, తర్వాత తనే వచ్చి ముద్దలు చేసి కంచంలో పెట్టి పోతుంది. ఊరివాళ్ళు ఆయన్ని దండం పెట్టి పలకరిస్తారు. ఆయనకు అది గిట్టదు. ఇంట్లోంచి బయటికి రావడం మానేశాడు.

నేను మాత్రం జీపు ఆపి పోతుంటాను. మొన్న పోయినప్పుడు అరుగు మీద కూర్చుని ఉన్నాడు. నేనూ పక్కన కూర్చున్నాను. ఆయన గొణుగుడు గొంతుతో అడిగాడు.

"రామాంజీ, నువ్వు ఆ దిన్నె ఎక్కినావు గదప్పా."

"ఎక్కినా మామా."

"ఆపక్క రాళ్ళేనా?"

లోపల కరియమ్మ పాత్రలు కడుగుతున్న చప్పుడు వినబడుతోంది.

"ల్యా మామా. అప్పుడు నేను సరిగ్గా చెప్పల్యా. దిన్నె దిగితే ఒగ వంక ఉండాది. నీళ్ళు పారతాండాయి."

ఆయన నా కళ్ళలోకి చూశాడు. నేను చూపు తిప్పలేదు.

లోపల పాత్రల చప్పుడు ఆగింది. కరియమ్మ తలుపు దాకా వచ్చి, మొగుణ్ణి దాటి నావైపు చూసింది. ఇన్ని నెలల్లో ఆమె నన్ను అడిగిన మొదటి మాట అది.

"మంచినీళ్ళా, ఉప్పునీళ్ళా?"

"మంచినీళ్ళే అత్తా" అన్నాను.